న్యూస్‌రీల్‌ని స్కాన్ చేసేస్తే కాపాడేసినట్టేనా?

క్లుప్తంగా: పాత న్యూస్‌రీళ్ళ (ఒకప్పుడు హాల్లో సినిమాకి ముందు వేసిన వార్తల ఫిల్ములు) మీద ఎప్పుడు వార్త వచ్చినా కింద ఒకటే ప్రశ్న, మొత్తం డిజిటల్ చేసేసి నెట్‌లో పెట్టేయొచ్చు కదా అని. స్కానింగ్ అనేది ఈ పనిలో ఒక ముక్క మాత్రమే. దానికి ముందు ఫిల్ముని చల్లగా ఉంచడం, చేత్తో బాగుచెయ్యడం, అందులో ఉన్నది ఏ ఊరో ఏ రోజో తేల్చడం ఉంటాయి, దాని తర్వాత ఆ ఫైళ్ళని ఏళ్ళ తరబడి మోసుకుంటూ తిరగడం ఉంటుంది. ఇందులో ఊరూ తేదీ తేల్చడం దగ్గరే ఎక్కువ పని ఆగిపోతుంది, బయటివాళ్ళకి అస్సలు కనపడనిది కూడా అదే.

1930 ఉప్పు సత్యాగ్రహం క్లిప్ చూడనివాళ్ళు తక్కువ. గాంధీగారు కర్ర పట్టుకుని గబగబా వెళ్ళిపోతుంటారు, వెనక జనం ఎవరో తరుముతున్నట్టు అడుగులేస్తుంటారు. గాంధీగారు వేగంగా నడిచేవారన్నది నిజమే గానీ, ఆ క్లిప్‌లో కనపడే వేగంలో కొంత ప్రొజెక్టర్ కలిపింది కూడా ఉంది. మూగ సినిమా రోజుల్లో కెమెరాలు సెకనుకి 16, 18 బొమ్మల చొప్పున తీసేవి, వాటిలో చాలావాటిని చేత్తోనే తిప్పేవాళ్ళు, టాకీలొచ్చాక అది 24కి స్థిరపడింది. 16తో తీసిన దాన్ని 24తో ఆడిస్తే మనుషులు ఒకటిన్నర రెట్లు వేగంగా కదులుతారు. ఎవరో ఎప్పుడో అలా కాపీ తీశారు, దాని నుంచి ఇంకొకరు తీశారు, ఇప్పుడు ఫోన్లలో తిరిగేది అదే. అసలు వేగం ఎంతో తెలుసుకోవాలంటే మొదటి తరం ఫిల్ము చేతిలో ఉండాలి, దాన్ని చూడటం తెలిసిన మనిషి కూడా ఉండాలి. ఆ మనిషే ఫిల్మ్ ఆర్కైవిస్ట్.

చూసి పారెయ్యడానికే తీసినవి

సినిమాకి ఒక నిర్మాత ఉంటాడు, మళ్ళీ రిలీజ్ చేసుకుంటే నాలుగు డబ్బులొస్తాయన్న ఆశ ఉంటుంది, అభిమానులుంటారు. న్యూస్‌రీల్‌కి ఇవేవీ లేవు. ఈ వారం వార్త వచ్చే వారానికి పాతబడుతుంది, దాన్ని దాచుకోవాల్సిన అవసరం ఎవరికీ కనపడలేదు. పైగా నలుపు తెలుపు ఫిల్ము మీద వెండి ఉంటుంది, పాత ప్రింట్లని కడిగి వెండి తీసుకుని అమ్ముకునేవాళ్ళు. మన మూగ సినిమాలు దాదాపు 1,300 తీస్తే ముక్కాచెక్కాతో కలిపి కూడా 30 దాకానే మిగిలాయంటారు. సినిమాల గతే అదైతే న్యూస్‌రీళ్ళ సంగతి చెప్పేదేముంది.

మన దేశంలో ఈ కథ చాలా ముందే మొదలైంది. లూమియర్ సోదరుల బొమ్మలు బొంబాయి వాట్సన్ హోటల్లో 1896 జూలై 7న ఆడాయి, తర్వాత కొన్నేళ్ళకే, 1901లో, సావే దాదా అని పిలిచే హరిశ్చంద్ర సఖారాం భటవడేకర్ కేంబ్రిడ్జిలో లెక్కల పరీక్ష మొదటి శ్రేణిలో పాసై రాంగ్లర్ అనిపించుకుని తిరిగొచ్చిన పరాంజపేకి బొంబాయిలో జరిగిన స్వాగతాన్ని తీశాడు. మన మొదటి న్యూస్‌రీల్ అని దాన్నే చెబుతారు.

ప్రభుత్వం దిగింది రెండో ప్రపంచ యుద్ధం వచ్చాక. 1943లో ఇన్ఫర్మేషన్ ఫిల్మ్స్ ఆఫ్ ఇండియా అనే సంస్థ, దాని కింద ఇండియన్ న్యూస్ పరేడ్ అనే న్యూస్‌రీల్ మొదలయ్యాయి, ఇంగ్లీషు, హిందుస్తానీ, బెంగాలీ, తమిళంతో పాటు తెలుగులో కూడా వ్యాఖ్యానం ఉండేది. హాళ్ళవాళ్ళు ప్రతి ఆటలో ప్రభుత్వం ఒప్పుకున్న ఫిల్ముని 2,000 అడుగుల దాకా వెయ్యాలని యుద్ధకాలపు రూల్ కూడా పెట్టారు. 35 ఎంఎంలో నిమిషానికి 90 అడుగులు నడుస్తుంది కాబట్టి అది 20 నిమిషాల పైమాటే. బ్రిటిష్ వాళ్ళ డప్పు అని జాతీయవాదులకి దాని మీద మంట, 1946లో మూతపడింది. దాంతో ఏమైందంటే 1947 ఆగస్టు 15 నాటికి ప్రభుత్వం చేతిలో సొంత ఫిల్మ్ శాఖే లేదు. దేశానికి స్వతంత్రం వచ్చిన రాత్రి మనకి ఇవాళ కనపడుతోందంటే అది విదేశీ న్యూస్‌రీల్ కంపెనీలు, కొందరు ప్రైవేటు కెమెరామెన్‌ల చలవే. ఫిల్మ్స్ డివిజన్ పుట్టింది 1948లో, ఆ తర్వాత హాల్లో సినిమాకి ముందు ఇండియన్ న్యూస్ రివ్యూ రావడం, న్యూస్‌రీల్ అయ్యేదాకా బయట బీడీ కాల్చుకుని జనం తీరిగ్గా లోపలికి రావడం దశాబ్దాల పాటు నడిచాయి.

ఒంటిచేత్తో వెతికినవాళ్ళూ లేకపోలేదు. ఏ.కె. చెట్టియార్ అనే తమిళ రచయిత 1930ల చివర్లో గాంధీ మీద ఫుటేజీ కోసం దేశాలు పట్టుకు తిరిగి దాదాపు 50,000 అడుగులు పోగేసి 1940లో డాక్యుమెంటరీ విడుదల చేశాడు, ముందు తమిళ వ్యాఖ్యానంతో, తర్వాత తెలుగులో. చివరికి ఆ తమిళ, తెలుగు ప్రతులు జాడ లేకుండా పోయాయి, చాలా ఏళ్ళకి తర్వాతి ఇంగ్లీషు కూర్పు ఒకటి అమెరికాలో శాన్ ఫ్రాన్సిస్కోలోని ఒక యూనివర్సిటీలో బయటపడింది. మిగతావాళ్ళ ఫుటేజీ పోగెయ్యడానికి తిరిగిన మనిషి సినిమా గతే అది.

పెరుగు పులిసినట్టే పులుస్తుంది

ఫిల్ము పాడవ్వడానికి కారణం దుమ్మూ గీతలూ అనుకుంటారు గానీ అసలు శత్రువు దాని ఒంట్లోనే ఉంది. 1950ల మొదటి దాకా 35 ఎంఎం ఫిల్ము సెల్యులోజ్ నైట్రేట్‌తో చేసేవాళ్ళు. మండటానికి కావాల్సిన ఆక్సిజన్ దాంట్లోనే ఉంటుంది కాబట్టి ఒకసారి అంటుకుంటే నీళ్ళలో ముంచినా ఆరదు. బాగా కుళ్ళిన నైట్రేట్ అయితే 40 డిగ్రీల వేడికి దానంతట అదే రాజుకునే ప్రమాదం ఉంది, మే నెలలో రామగుండంలోనో రెంటచింతలలోనో రేకుల షెడ్డు కింద ఎంతుంటుందో వేరే చెప్పక్కర్లేదు. కుళ్ళడం కూడా ఒక వరసలో జరుగుతుంది, ముందు బొమ్మ వెలుస్తుంది, తర్వాత జిగురుగా అవుతుంది, నురగ పొంగుతుంది, చుట్టలన్నీ కలిసి గట్టి ముద్దయిపోతాయి, ఆఖరికి డబ్బాలో గోధుమరంగు పొడి మిగులుతుంది.

2003 జనవరిలో పూణే ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్ ఆవరణలో ఉన్న నైట్రేట్ వాల్టుకి (ఫిల్ము దాచే గదికి) నిప్పంటుకుని బోలెడు పాత రీళ్ళు పోయాయి. ఇది పేద దేశాల్లోనే జరుగుతుందనుకుంటే పొరపాటు. 1978 డిసెంబర్‌లో అమెరికాలో వాషింగ్టన్ పక్కనే సూట్‌లాండ్‌లో వాళ్ళ నేషనల్ ఆర్కైవ్స్ వాల్టులు తగలబడి యూనివర్సల్ న్యూస్‌రీల్ తాలూకు 1.26 కోట్ల అడుగుల ఫిల్ము బూడిదైంది. నిమిషానికి 90 అడుగుల లెక్కన చూస్తే పగలూ రాత్రీ ఆపకుండా మూడు నెలలు చూసినా అవ్వనంత.

నైట్రేట్‌కి మందుగా 1948 నుంచి ట్రయాసిటేట్ (పొట్టిగా ఎసిటేట్) ఫిల్ము వచ్చింది, అంచున సేఫ్టీ అని రాసుంటుంది, నిజంగానే అలా భగ్గుమనదు. కానీ దీనికి ఇంకో రోగం. గాలిలో తేమ, వేడి తగిలితే అసిటిక్ యాసిడ్ వదులుతుంది, డబ్బా మూత తియ్యగానే నూడుల్స్ బండి దగ్గర వచ్చే వెనిగర్ వాసన గుప్పుమంటుంది. ఈ తెగులు గురించి కొడాక్ కంపెనీకి మొదటి ఫిర్యాదు వెళ్ళింది ఎక్కణ్ణుంచో కాదు, భారత ప్రభుత్వం నుంచే, ఆ ఫిల్ము మార్కెట్‌లోకొచ్చి పదేళ్ళన్నా కాకముందు. మన ఎండా మన ఉక్కా ప్రపంచానికి ఆ సంగతి ముందు చెప్పాయన్నమాట.

దీని నడక పెరుగు పులవడం లాంటిది. గిన్నెలో కాస్త తోడు పడితే చాలు, మిగతా పాలని అదే మార్చేసుకుంటూ పోతుంది. ఇక్కడ తోడు ఆ యాసిడే, ఎంత తయారైతే మిగతాది అంత తొందరగా కుళ్ళుతుంది, మూత బిగించి ఉంచితే ఇంకా ఘోరం, ఆ ఆవిరి పక్క డబ్బాలకి కూడా పాకుతుంది. వేసవిలో పెరుగు పొద్దున్నుంచి సాయంత్రానికి పులిసిపోయి ఫ్రిజ్‌లో పెడితే నాలుగు రోజులు ఆగినట్టే ఫిల్ము కూడా. కొత్త ఎసిటేట్ ఫిల్ముని 21 డిగ్రీల దగ్గర, 50 శాతం తేమలో ఉంచితే వెనిగర్ దశ మొదలవ్వడానికి దాదాపు 40, 50 ఏళ్ళు పడుతుందని లెక్కలు, ఫ్రిజ్ చల్లదనంలో పెడితే అది వందల ఏళ్ళలోకి వెళ్తుంది, మామూలు మన గది వేడిలో అయితే ఆ లెక్క సగానికి సగం పడిపోతుంది. అందుకే డబ్బు తక్కువున్నప్పుడు ముందు స్కానర్ కొనాలా, ఏసీ బాగుచేయించాలా అంటే ఈ పని తెలిసినవాళ్ళు ఏసీ అంటారు. స్కానర్ రోజుకి కొన్ని రీళ్ళు చూస్తుంది, చల్లదనం గోదాంలో ఉన్న వేల రీళ్ళకి ఒకేసారి ఆయుష్షు పోస్తుంది.

బల్ల మీద జరిగే పని

చల్లటి వాల్టులోంచి డబ్బా తీసి వెంటనే మూత తెరవరు. ఫ్రిజ్‌లోంచి తీసిన సీసాకి చెమట పట్టినట్టు ఫిల్ముకీ పడుతుంది, అందుకని మధ్య గదిలో ఒక రోజు ఆగనిస్తారు. తెరిచాక ముందు వాసన చూస్తారు, తర్వాత ఏడీ స్ట్రిప్ అనే చిన్న నీలం కాగితం ముక్క డబ్బాలో వేసి మూసేస్తారు, యాసిడ్‌ని బట్టి అది నీలం నుంచి ఆకుపచ్చకి, పసుప్పచ్చకి తిరుగుతుంది. పచ్చకామెర్లు చూసినట్టే. పసుపులోకి తిరిగిన రీలుకి క్యూలో ముందు చోటు, దాన్ని మిగతావాటి నుంచి వేరు చెయ్యడం కూడా అప్పుడే.

తర్వాత లైటు బల్ల, రెండు వైపులా చేత్తో తిప్పే రీవైండర్లు, భూతద్దం, నూలు గ్లోవ్స్. 1,000 అడుగుల రీలు తెర మీద 11 నిమిషాలు, బల్ల మీద మాత్రం ఒక పూట, పాడైందైతే కొన్ని రోజులు. ఫిల్ము అంచుల్లో వరసగా ఉండే చిల్లులు చిరిగితే ఒక్కోటీ టేపుతో కడతారు, పాత అతుకులు ఊడిపోతే మళ్ళీ అతుకుతారు, ఫిల్ము ఎంత కుంచించుకుపోయిందో కొలుస్తారు. ఒక శాతం దాటి కుంచించుకుపోతే పళ్ళ చక్రాలున్న పాత మెషిన్లలో వేస్తే చిల్లులు చిరుగుతాయి, అలాంటివాటికి పళ్ళు లేకుండా రోలర్ల మీద నడిచే స్కానర్లు కావాలి.

ఈ దశలో చాలా సమాచారం అంచుల్లోనే దొరుకుతుంది. కొడాక్ ఫిల్ము అంచున వృత్తం, చతురస్రం, త్రిభుజం లాంటి గుర్తులుంటాయి, అవి ఆ ఫిల్ము తయారైన సంవత్సరాన్ని చెబుతాయి. తిరకాసేంటంటే అవే గుర్తులు సుమారు 20 ఏళ్ళకోసారి మళ్ళీ వస్తాయి, ఒక్క వృత్తం కనపడితే 1916 అవ్వొచ్చు, 1936 అవ్వొచ్చు, 1956 కూడా అవ్వొచ్చు. బొమ్మలో మోటారు కార్లు చూసి ఏదో తేల్చుకోవాలి. ఇంకో తిరకాసు, పాత నెగటివ్ నుంచి కాపీ తీసినప్పుడు దాని అంచున ఉన్న నైట్రేట్ అనే అక్షరాలు కూడా కొత్త ఫిల్ము మీదకి అచ్చుపడిపోతాయి, అంటే సేఫ్టీ ఫిల్ము మీద నైట్రేట్ అని ఉండొచ్చు. ఆ అక్షరాలు కంపెనీ వేసినవా, కాపీలో పడినవా అన్నది అవి నల్లగా ఉన్నాయా తెల్లగా ఉన్నాయా లాంటివి చూసి తేలుస్తారు. అది తప్పితే మండే ఫిల్ము మామూలు గదిలోకి పోతుంది.

న్యూస్‌రీల్‌కి ఇంకో బాధ ఉంది, సినిమాకి ఉండనిది. వరద దృశ్యమో, నెహ్రూ ప్రసంగమో ఇంకో డాక్యుమెంటరీకి కావాల్సొస్తే నెగటివ్‌లోంచి ఆ షాటే కత్తిరించి తీసుకెళ్ళేవాళ్ళు, వెనక్కి పెట్టేవాళ్ళు కాదు. డబ్బా మీద పేరుంటుంది, లోపల సగం ఉండదు. బొమ్మ నెగటివ్ ఒక డబ్బాలో, ఒక్కో భాష సౌండ్ నెగటివ్ ఒక్కో డబ్బాలో ఉంటాయి కాబట్టి బొమ్మ దొరికి తెలుగు వ్యాఖ్యానం దొరక్కపోవడం, వ్యాఖ్యానం ఉండి బొమ్మ పోవడం రెండూ జరుగుతాయి.

ఇది ఏ ఊరు, ఏ రోజు?

ఏటా సెప్టెంబర్ 17 వస్తే నిజాం ఉస్మాన్ అలీ ఖాన్ సర్దార్ పటేల్‌కి చేతులు జోడించి దణ్ణం పెడుతున్న బొమ్మ తెలుగు ఫోన్లన్నిట్లో తిరుగుతుంది, కింద 1948లో లొంగిపోయిన క్షణం అని ఉంటుంది. ఆ బొమ్మ బేగంపేట విమానాశ్రయంలో 1949 ఫిబ్రవరిలో పటేల్ హైదరాబాద్ వచ్చినప్పటిది. 1948 సెప్టెంబర్‌లో భారత సైన్యం తరఫున వచ్చిన జనరల్ చౌధురి ముందు లొంగిపోయింది నిజాం సైన్యాధిపతి ఎల్ ఎద్రూస్. మర్యాదకి పెట్టిన దణ్ణం ఐదు నెలలు వెనక్కి జరిగేసరికి ఓటమి ఒప్పుకున్న దణ్ణమైపోయింది. విలీనమా విమోచనమా అని కొట్టుకునేవాళ్ళు ఆ బొమ్మని ఎవరికి కావాల్సినట్టు వాళ్ళు వాడుకుంటున్నారు, బొమ్మలో మాత్రం ఒక్క చుక్క కూడా మార్చినది లేదు. మారింది కింద రాసిన తేదీ.

ఆర్కైవ్‌లో కేటలాగింగ్ అని పిలిచే పని ఇదే. రీలుని షాట్ షాట్‌గా చూసి ఎవరు, ఎక్కడ, ఎప్పుడు అని రాసుకుంటూ పోవడం. కొట్ల బోర్డుల మీద లిపి, నీడల పొడుగు, పోలీసు టోపీ, కారు నంబరు ప్లేటు, వెనకాల పూర్తవ్వని వంతెన, అన్నీ ఆధారాలే. అప్పటి పేపర్లతో, కెమెరామన్ డోప్ షీట్‌తో పోల్చి చూస్తారు. డోప్ షీట్ అంటే షూటింగ్ రోజున కెమెరామన్ ఫిల్ముతో పాటు పంపే చీటీ, ఏ షాట్‌లో ఏముందో అందులో ఉంటుంది. చాలా చోట్ల ఫిల్ము దాచారు, చీటీలు చెత్తబుట్టలో వేశారు.

2019లో పూణేలోని నేషనల్ ఫిల్మ్ ఆర్కైవ్ వాళ్ళకి గాంధీ మీద ఎడిట్ చెయ్యని 30 రీళ్ళు, దాదాపు 6 గంటల ఫుటేజీ దొరికిందని వార్త వచ్చింది, అస్థికల రైలు మద్రాసు నుంచి రామేశ్వరం వెళ్తున్న దృశ్యాలతో సహా. దొరికింది ఏదో గుహలో కాదు, ఆర్కైవ్‌లోని సరుకులోనే, అంటే ఉన్నది ఏంటో చూసి రాసుకునేదాకా ఉన్నట్టు లెక్క కాదు. అలాంటి ఎడిట్ చెయ్యని ఫుటేజీకి విలువ మరీ ఎక్కువ, ఎందుకంటే న్యూస్‌రీల్‌లో వ్యాఖ్యాత చెప్పింది సర్కారు చెప్పమన్నది, కత్తిరించి పక్కన పడేసిన ముక్కల్లో మాత్రం జనం ముఖాలు వాళ్ళకి తోచినట్టు ఉంటాయి.

స్కాన్ అయ్యాక మొదలయ్యే ఖర్చు

లెక్క చూడండి. 10 నిమిషాల న్యూస్‌రీల్ అంటే 14,400 బొమ్మలు. 4కె అనే పెద్ద సైజులో కుదించకుండా స్కాన్ చేస్తే ఒక్కో బొమ్మ 50 ఎంబీ చిల్లర, మొత్తం 700 జీబీ దాటుతుంది. ఫిల్మ్స్ డివిజన్ తాలూకు డాక్యుమెంటరీలు, న్యూస్‌రీళ్ళు అన్నీ కలిపి 8 వేల పైచిలుకు టైటిల్స్ ఉన్నాయి. ఇవన్నీ ఎల్‌టీఓ అనే మాగ్నెటిక్ టేపుల మీద కనీసం రెండు ఊళ్ళలో రెండు కాపీలు పెట్టాలి. ఆ టేపులేమో కొన్నేళ్ళకో కొత్త తరం వస్తాయి, కొత్త డ్రైవు ఒకటి రెండు తరాల వెనకటి టేపుని మించి చదవదు, అంటే అస్తమానం పాతవాటి నుంచి కొత్తవాటికి ఎక్కించుకుంటూ ఉండాల్సిందే. బడ్జెట్ ఒక పదేళ్ళు ఆగిందంటే చాలు. చల్లగా దాచిన ఫిల్ము పదేళ్ళు ఎవరూ పట్టించుకోకపోయినా లైటు ముందు పెడితే బొమ్మ కనపడుతుంది, హార్డ్ డిస్కుకి ఆ ఓర్పు లేదు. స్కాన్ అయిపోయింది కదా ఇక రీలు పారేద్దాం అనే మాటని ఆర్కైవిస్టులు ఒప్పుకోనిది ఇందుకే, సెంటిమెంటు వల్ల కాదు.

ఏఐతో రంగులద్ది సెకనుకి 60 బొమ్మలు చేసిన వీడియోల సంగతి వేరే. మసకగా ఉన్న ముఖాన్ని సాఫ్ట్‌వేర్ శుభ్రం చేసినప్పుడు ఉన్న ముఖాన్ని పైకి తియ్యడం లేదు, అక్కడ ఉండొచ్చు అనుకున్న ముఖాన్ని గీస్తోంది. చీర రంగు కూడా ఊహే. సరదాకి చూస్తే పర్లేదు, రేపు అదే అసలు ఫుటేజీ అని ఎవరో పుస్తకంలో వేస్తేనే చిక్కు.

తాళం ఎవరి దగ్గర

ఈ ఫిల్ముల్ని జనానికి చూపించడంలో ఒక్కో దేశం ఒక్కో దారి పట్టింది. అమెరికాలో యూనివర్సల్ కంపెనీ తన న్యూస్‌రీళ్ళని 1970ల్లో నేషనల్ ఆర్కైవ్స్‌కి, జనానికి వదిలేసింది, ఎవరైనా ఉచితంగా వాడుకోవచ్చు. బ్రిటిష్ పాథే ప్రైవేటు కంపెనీ, 2014లో 85,000 ఫిల్ములు యూట్యూబ్‌లో పెట్టింది, చూడటం ఉచితం, వాడుకుంటే లైసెన్సు డబ్బులు. ఇండియన్ న్యూస్ పరేడ్ సంచికలు చూడాలంటే లండన్‌లోని ఇంపీరియల్ వార్ మ్యూజియం తలుపు కూడా తట్టాలి. మనతో పోల్చడానికి బాగా కుదిరేది క్యూబా, అక్కడా ఉక్కే, అక్కడా డబ్బులు తక్కువే. 1960 నుంచి 1990 దాకా వాళ్ళు వారం వారం తీసిన న్యూస్‌రీళ్ళ నెగటివ్‌లు వెనిగర్ పట్టిపోతుంటే 2009లో యునెస్కో మెమరీ ఆఫ్ ది వరల్డ్ అనే, ప్రపంచం కాపాడుకోవాల్సిన రికార్డుల జాబితాలో చేర్పించుకున్నారు, ఆ పేరు చూపించి ఫ్రాన్స్ జాతీయ ఆడియోవిజువల్ సంస్థ సాయంతో డిజిటల్ చేయించుకున్నారు.

మన దగ్గర పని 1964లో పూణేలో నేషనల్ ఫిల్మ్ ఆర్కైవ్ పెట్టడంతో, పి.కె. నాయర్ లాంటి మనిషి ఊరూరా తిరిగి డబ్బాలు పోగెయ్యడంతో నిలబడింది. తర్వాత నేషనల్ ఫిల్మ్ హెరిటేజ్ మిషన్ పేరుతో 597 కోట్ల పథకం వచ్చింది. 2022లో ఫిల్మ్స్ డివిజన్‌నీ ఆర్కైవ్‌నీ ఇంకో రెండు సంస్థలతో పాటు ఎన్ఎఫ్‌డీసీలో (నేషనల్ ఫిల్మ్ డెవలప్‌మెంట్ కార్పొరేషన్‌లో) కలిపేశారు. ఒకే పని నాలుగు చోట్ల ఎందుకు అన్నది ప్రభుత్వం వాదన. వ్యాపారం చేసుకోవాల్సిన కార్పొరేషన్ చేతిలో లాభం రాని న్యూస్‌రీళ్ళు ఎంతకాలం ముందు వరసలో ఉంటాయన్నది డాక్యుమెంటరీవాళ్ళ అనుమానం, దాని మీద బహిరంగ లేఖలు కూడా రాశారు. ఏది నిజమవుతుందో చెప్పేది ప్రకటనలు కావు, ఏటా వాల్టుల కరెంటు బిల్లుకి ఎంత పెడుతున్నారు, రీళ్ళు చూసి రాసే మనుషులు ఎంతమంది పర్మనెంట్‌గా ఉన్నారు అన్న రెండు లెక్కలే. ఈ మనుషుల కొరత మామూలుగా లేదు. ఫిల్మ్ హెరిటేజ్ ఫౌండేషన్ వాళ్ళు 2019 డిసెంబర్‌లో హైదరాబాద్ అన్నపూర్ణ స్టూడియోలో వారం రోజులు వర్క్‌షాప్ పెట్టి ఈ బల్ల పని నేర్పించారు, అలాంటివి ఏడాదికి ఒకటో రెండో.

అటక మీద డబ్బా కనపడితే

మూతపడిన హాళ్ళలో, పాత ల్యాబ్ ఉద్యోగుల ఇళ్ళల్లో రేకు డబ్బాలు ఇంకా బయటపడుతుంటాయి. అవి ఏంటో చూద్దామని ప్రొజెక్టర్‌కి ఎక్కించడం, ఎండలో ఆరబెట్టడం, గుడ్డతో తుడవడం, ఈ మూడూ చెయ్యకూడదు. వెనిగర్ వాసన వస్తే అది ఎసిటేట్, మండే భయం లేదు, గాలి తగిలే చల్లటి చోట మిగతావాటికి దూరంగా పెట్టి ఆర్కైవ్‌కి రాయొచ్చు. 1950ల ముందుదిలా ఉండి, జిగటగానో పొడిపొడిగానో ఉంటే మాత్రం అది నైట్రేట్ అనుకునే నడుచుకోవాలి, వంటిల్లూ దీపాలూ సిగరెట్టూ దగ్గరికి రానివ్వకూడదు. పార్సిల్ చేసి పంపేద్దాం అనుకోవద్దు, అది ప్రమాదకర సరుకు కింద లెక్క, మామూలు పోస్టులోనూ కొరియర్‌లోనూ వెయ్యకూడదు. డబ్బా ఉన్నచోటే ఉంచి, మనుషుల్నే అక్కడికి పిలిపించుకోవాలి.